అద్దం వెనక సందర్భంగారు

ఆఫీసులో ఆయన్ని సందర్భంగారు అంటారు. ఎదురుగా ఉన్నంతసేపూ సార్ అనే అంటారు. లిఫ్టులోకి వెళ్లి తలుపులు మూసుకున్నాక సందర్భంగారు అంటారు. ఊరికే పుట్టిన పేరు కాదది. 'సందర్భోచిత సహాయం' అన్న మాట దొర్లకుండా ఆయన నోట నాలుగు వాక్యాలు వరసగా వచ్చిన రోజు ఎవరికీ గుర్తు లేదు. టీలో చక్కెర తక్కువైందండీ అని పొరపాటున ఎవరైనా అన్నారా, అయిపోయారే! చక్కెర డబ్బా కప్పు పక్కనే ఉంటే అది సందర్భోచిత సహాయం, కింది అంతస్తులో ఉంటే అది మామూలు సహాయం అంటూ మొదలుపెడతాడు. ఆయన ముగించేసరికి టీ చల్లారిపోతుంది.

ఇంతకీ ఆయన పనేమిటంటే, కంప్యూటర్ ప్రోగ్రాములకి సహాయం పేజీలు రాయడం. ప్రోగ్రాము వాడుతూ వాడుతూ మనం ఎక్కడో ఇరుక్కుపోతాం కదా. అప్పుడు కీబోర్డు పైవరసలో ఉండే ఎఫ్-వన్ నొక్కితే తెర మీద ఒక చిన్న పెట్టె తెరుచుకొని, ఇలా చెయ్యండి అని చెబుతుంది. ఆ పెట్టెలో ఉండే రాత ఈయనది. కొత్తగా ఉద్యోగంలో చేరినవాళ్లని ఒక గదిలో కూర్చోబెట్టి ఆ పెట్టె గొప్పతనం వివరించే బాధ్యతా ఈయనదే. బోర్డు మీద పెద్ద అక్షరాలతో ఆ మాట రాసి, దాని కింద గీత గీసి, గొంతు సవరించుకొని మరీ చెబుతాడు.

"మామూలు సహాయమంటే పుస్తకమండీ. మీరే వెళ్లాలి, మీరే వెతుక్కోవాలి. సందర్భోచిత సహాయమంటే మీ భుజం పక్కన నిలబడ్డ మనిషి. మీరెక్కడ ఆగిపోయారో అతనికి తెలుసు. నోరు తెరిచి అడగక్కర్లేదు. ఆ చోటికి ఏది కావాలో అది ఒక్క ముక్కలో చెప్పి పక్కకి తప్పుకుంటాడు."

మాట బాగానే ఉంది, కాదనేదెవరు? ఆ వృత్తిలో ప్రతివాళ్లూ వాడే మాటే అది. ఈయనగారు మాత్రం తాతగారు తన పేర రాసిచ్చిన ఆస్తిలా పట్టుకు తిరుగుతాడు. పోనీ తిరగనివ్వండి. ఆ భుజం పక్క మనిషి రాత ఎలా ఉంటుందో చూస్తే ఒళ్లు మండుతుంది. 'ప్రింట్ బటన్: ఇది నొక్కితే ప్రింట్ అవుతుంది.' అబ్బో, ఎంత రహస్యం విప్పాడండీ! ప్రింట్ అని రాసి ఉన్న బటన్ నొక్కితే ఇంకేమవుతుంది, వాన కురుస్తుందా? అది నొక్కినా కావట్లేదనే కదా పాపం ఆ మనిషి ఎఫ్-వన్ నొక్కింది?

ఇంకో సంగతి. ఈయన రాసే ప్రోగ్రామును ఈయన తెరవడు. ప్రోగ్రాము తయారుచేసేవాళ్లు మొదట్లో తెరల బొమ్మలు గీసి పంపుతారు, ఇక్కడ ఈ బటన్ వస్తుంది, అక్కడ ఆ గడి వస్తుంది అని. ఆ బొమ్మలు ముందు పెట్టుకొని పేజీలన్నీ రాసిపారేస్తాడు. తరవాత వాళ్లు బటన్లు మారుస్తారు, పేర్లు మారుస్తారు, ఒక తెర తీసేసి రెండు పెడతారు. ఈయన పేజీ మాత్రం చెక్కు చెదరదు. తనకి తెలియని చోటు వచ్చిందనుకోండి, దానికీ ఒక వాక్యం సిద్ధంగా ఉంచుకున్నాడు: 'సమస్య కొనసాగితే మీ అడ్మినిస్ట్రేటర్‌ను సంప్రదించండి.' ఆ అడ్మినిస్ట్రేటరు ఎవరో, ఎక్కడుంటాడో, అసలు ఉన్నాడో లేడో ఈయనకి అనవసరం. గిన్నె మీద మూత పెట్టినట్టు ప్రతి పేజీ చివరా ఆ వాక్యం బోర్లించి, చేతులు దులుపుకొని ఇంటికి వెళతాడు.

ఎవరైనా ఫోన్ చేసి పేజీ అర్థం కాలేదంటే ఆయన పెదవి ఒక పక్కకి వంగుతుంది. "యూజర్లు చదవరండీ. చదివితే అర్థమవుతుంది. చదవనివాడికి మనం ఏం చేస్తాం?" అంటాడు. ఆ ప్రోగ్రాములు వాడే మనుషులంటే ఆయనకంత చులకన. వాళ్లలో ఒక్కర్నైనా వెళ్లి చూసిన పాపాన పోలేదు.

వెళ్లి చూడక్కర్లేదు కూడా. ఒక యూజరు ఆయన ఇంట్లోనే ఉంది.

ఆయన భార్య ఒక డయాలసిస్ సెంటర్లో కౌంటరు దగ్గర పనిచేసేది. కిడ్నీలు పాడైనవాళ్లు వారానికి రెండుమూడు సార్లు వచ్చి, సగం పూట మిషను పక్కన పడుకొని రక్తం శుభ్రం చేయించుకొని వెళ్లే చోటది. ఎవరికి ఏ మిషను, ఏ పూట వంతు అన్నది చూసుకోవడం ఆవిడ పని. ఎవరి మంచం కిటికీ పక్కన ఉండాలో, ఎవరికి దుప్పటి రెండోది కావాలో, ఎవరి కొడుకు బండి ఎప్పుడూ ఆలస్యంగా వస్తుందో అన్నీ ఆవిడ నాలిక చివర ఉండేవి. రోగులు మిషను కన్నా ముందు ఆవిడ ముఖం చూసేవాళ్లు. ఆవిడకా ఉద్యోగమంటే ప్రాణం. ఇంట్లో ఆవిడ మాటకి విలువ లేదని వేరే చెప్పాలా? ఆ కౌంటరు దగ్గర మాత్రం ఉండేది.

ఆ సెంటర్లో వంతులు నడిపే ప్రోగ్రాము ఈయన కంపెనీదే. "ఈ ప్రోగ్రాము సహాయం పేజీలు రాసేది నీ మొగుడేనని అక్కడెవరితోనూ అనకు. అన్నావంటే రేపటి నుంచి యూజర్లంతా మనింటి ముందు క్యూ కడతారు," అని గట్టిగా చెప్పిపెట్టాడు. ఆవిడ అనలేదు. ఆవిడ ఏ మాటిచ్చినా నిలబెట్టుకునే రకం.

ఆ ప్రోగ్రాముతో ఆవిడకి ఒకే ఒక్క తంటా వచ్చింది. ఎవరైనా ఆలస్యమైతే వాళ్ల వంతు ఇంకో మిషనుకి మార్చాలి. మార్చబోతే తాళం గుర్తు పడేది. ఎఫ్-వన్ నొక్కితే పెట్టె తెరుచుకొని, 'మార్చు' బటన్ నొక్కండి అనేది. తెర మీద ఆ బటనే లేదు. ఒకరోజు అన్నం వడ్డిస్తూ మొగుణ్ణి అడిగింది.

"ఏవండీ, వంతు మార్చబోతే తాళం పడుతోందండీ. ఏం చెయ్యాలి?"

"ఎఫ్-వన్ నొక్కావా?" అన్నాడు, ఫోన్‌లోంచి తల ఎత్తకుండా.

"నొక్కాను. మార్చు అన్న బటన్ నొక్కమంటోంది. నాకది కనిపించట్లేదు."

"కనిపించకపోవడమేమిటి? సరిగ్గా చూసుండవు. మళ్లీ చదువు."

"చదివానండీ. అది కాకపోతే అడ్మినిస్ట్రేటర్ని అడగమని ఉంది. మా దగ్గర అడ్మినిస్ట్రేటర్ అని నా పేరే పెట్టారు. నన్ను నేనే అడగాలా?"

"అది వేరే టాపిక్," అన్నాడాయన.

సహాయం పేజీని వాళ్ల భాషలో టాపిక్ అంటారు. ఒక పేజీలో చెప్పదలచుకోనిది ఇంకో పేజీకి నెట్టేయడం వాళ్లకి అలవాటు. ఈయనకది ఇంట్లో కూడా అలవాటైపోయింది. కొళాయి కారుతోందన్నా, అమ్మాయి స్కూలు నుంచి పిలిచారన్నా, నాకు ఒంట్లో బాగాలేదన్నా, అన్నిటికీ అదే జవాబు. ఆవిడ గరిటె గిన్నెలో పెట్టి లోపలికి వెళ్లింది.

అడిగినదానికి సమాధానం దొరక్క ఆవిడ కొన్నాళ్లు వంతులు చేత్తోనే సర్దుకుంటూ వచ్చింది. ఒకరోజు సర్దుబాటు తప్పింది. ఒకే మిషను మీద ఇద్దరికి వంతు పడింది. ఇద్దరూ వచ్చారు. రెండో ఆవిడ పెద్దావిడ, కాళ్లు వాచి ఉన్నాయి, పొద్దున్నుంచీ కుర్చీలోనే కూర్చుండిపోయింది. ఆవిడ కూతురు గోల గోల చేసింది. సెంటరు మేనేజరు కౌంటరు దగ్గరికి వచ్చి అందరి ముందూ అడిగాడు.

"సహాయం అని తెర మీదే ఉంది కదమ్మా, చదవడం రాదా? ఇంకోసారి ఇలా జరిగితే నువ్వు ఈ కౌంటర్లో ఉండవు."

మేనేజరుకి నిజానికి ఇంకోసారి దాకా ఆగే ఉద్దేశం లేదు. సరిగ్గా ఆ రోజుల్లోనే సందర్భంగారి కంపెనీ నుంచి పిలుపు వచ్చింది. మా ప్రోగ్రాము వాడేవాళ్లని ఒకర్ని పంపండి, ఎలా వాడుతున్నారో చూస్తాం అని. మేనేజరు ఇంకేం ఆలోచించలేదు. ఈ మనిషికి చేతకాదని కంపెనీవాళ్ల ముందే తేలిపోతే ఇక అడిగేవాడుండడని, ఆవిడని పొద్దున్నే కారెక్కించి తీసుకుపోయాడు. ఎక్కడికని కూడా దారిలోగాని చెప్పలేదు.

ఆ పరీక్ష జరిగేది కంపెనీలో కాదు. వేరే వీధిలో అద్దెకి తీసుకున్న గదులు. ఒక గదిలో బల్ల, కంప్యూటరు, గోడంతా అద్దం. అద్దం అవతల ఇంకో గది, అందులో చీకటి, కుర్చీలు, ఇవతలి కంప్యూటర్లో ఏం జరుగుతోందో చూపించే టీవీ. ఇటు కూర్చున్నవాళ్లకి అది అద్దం, అటు కూర్చున్నవాళ్లకి కిటికీ. అటు లైటు వేస్తే మాత్రం గుట్టు బయటపడుతుంది, అందుకని స్విచ్చు మీద ముట్టుకోవద్దని కాగితం అంటించి ఉంటుంది.

పరీక్ష నడిపే అమ్మాయి రెండు గదులకీ వినపడేలా నియమాలు చదివింది. అద్దం వెనక ఉన్నవాళ్లు నోరు విప్పి యూజరుకి ఏమీ చెప్పకూడదు. యూజరు తన మనసులో ఏమనుకుంటే అది పైకి అంటూ ఉండాలి. వెంట తీసుకొచ్చినవాళ్లు తప్ప, యూజరు బంధువులు గాని, తెలిసినవాళ్లు గాని అద్దం వెనక ఉంటే ఇప్పుడే లేచి వెళ్లిపోవాలి, దాచితే కంపెనీ ఊరుకోదు.

సందర్భంగారు చీకట్లో ముందు వరసలో కాలు మీద కాలేసుకొని కూర్చున్నాడు. పక్కన డైరెక్టరు. ఆ నెలలోనే ఈయన్ని సహాయం విభాగానికి పెద్దని చేసే మాట నలుగుతోంది. ఆ అమ్మాయి నియమాలు మొదలుపెడుతుండగానే తలుపు తెరుచుకొని అవతలి గదిలోకి తన భార్య, పొద్దున తను చూసిన చీరతోనే, హ్యాండ్‌బ్యాగు ఒళ్లో పెట్టుకొని వచ్చి కూర్చుంది. ఈయన కాలు కింద పెట్టాడు.

"తెలిసినావిడా?" అన్నాడు డైరెక్టరు.

"అబ్బే, లేదండి," అన్నాడు సందర్భంగారు.

చూశారా మనిషిని! లేచి వెళ్లడానికి ఎంతసేపు పడుతుంది? కానీ లేస్తే పెద్ద పదవి వచ్చే వేళ డైరెక్టరు పక్క కుర్చీ ఖాళీ అవుతుందే! కుక్కిన పేనులా కూర్చున్నాడు. వెనక వరసలో ఉన్న సెంటరు మేనేజరు ముందుకి వంగి, "మా మనిషి మొదట్నుంచీ అంతేనండి. ఇవాళ ఎలాగూ తేలిపోతుంది. తేలితే సాయంత్రమే కౌంటర్లోంచి తీసేస్తా," అన్నాడు. ఆ మాటా సందర్భంగారు చెవులారా విన్నాడు.

"ఆలస్యమైన మనిషి వంతు ఇంకో మిషనుకి మార్చండి," అంది అమ్మాయి.

ఆవిడ మొదట సిగ్గుపడింది. జీవితంలో మొట్టమొదటిసారి ఎవరో, మీ మనసులో ఏముందో పైకి అనండి, మధ్యలో ఎవరూ అడ్డు రారు అన్నారు. మెల్లగా మొదలుపెట్టింది.

"మార్చబోతున్నానండీ... తాళం పడింది. ఇప్పుడు ఎఫ్-వన్ నొక్కుతున్నా. 'మార్చు' బటన్ నొక్కండి అని ఉంది." తెర మీద వేలు పెట్టి వరసలన్నీ వెతికింది. "ఇక్కడ లేదు. ఇక్కడా లేదు. సర్దు అని ఒకటుంది, రద్దు అని ఒకటుంది. మార్చు అన్నది లేదండీ. పేజీలో లేనిది నొక్కితే ఎవరి వంతైనా పోతుందేమోనని నాకు భయం. పోతే వాళ్లు మనుషులండీ, ఒంట్లో చెడ్డ రక్తం రేపటిదాకా ఆగదు కదా."

"చెప్పండి, ఇంకేమనుకుంటున్నారు?" అంది అమ్మాయి.

"కిందేమో అడ్మినిస్ట్రేటర్ని అడగమని ఉంది. అది నేనే." చిన్నగా నవ్వింది. "ఈ పేజీ రాసినాయన చెడ్డవాడై ఉండడండీ. కానీ ఎప్పుడూ ఈ తెర ముందు కూర్చుని ఉండడు. కూర్చుంటే ఇలా రాయడు. అడిగినా మళ్లీ చదువంటారు. నేను ఎన్నిసార్లు చదివానో! కంఠతా వచ్చేసింది. కావాలంటే చూడకుండా చెప్పనా?"

చెప్పింది కూడా. మొదటి అక్షరం నుంచి చివరి అడ్మినిస్ట్రేటరు దాకా పొల్లు పోకుండా ఒప్పజెప్పింది. చీకటి గదిలో స్పీకర్లోంచి వస్తున్నవి సందర్భంగారి సొంత వాక్యాలు. భార్య నోట తన రాత వినడం ఆయనకదే మొదలు.

డైరెక్టరు ఆవలించి ఇటు తిరిగాడు. ఆయన కూడా ఆ ప్రోగ్రాము ఎప్పుడూ తెరిచినవాడు కాదు. "ఏమిటయ్యా ఇది? తప్పు పేజీలో ఉందా, మనిషిలో ఉందా?"

ఒక్క మాట చాలు. పేజీ పాతదండీ, బటన్ పేరు మారింది, తప్పు నాది. ఆ మాట యూజరుకి చెప్పకూడదనే గాని డైరెక్టరుకి చెప్పకూడదని ఏ నియమమూ లేదు. అద్దానికి అవతల ఆయన భార్య చెయ్యి చాస్తే అందేంత దూరంలో ఉంది. సందర్భంగారు టైతో కళ్లజోడు తుడుచుకున్నాడు.

"పేజీ స్పష్టంగానే ఉందండి," అన్నాడు. "యూజరే శ్రద్ధగా చదివినట్టు లేదు."

"నేను చెప్పలేదూ?" అని మేనేజరు గెలిచినవాడిలా లేచి నిలబడ్డాడు. ఆ ఊపులో వెళ్లిపోదామని, కాగితం సంగతి చూసుకోకుండా చీకట్లో తడిమి లైటు వేసేశాడు.

అద్దం కిటికీ అయిపోయింది. ఆవిడ తలెత్తి చూసింది. ఎదురుగా మేనేజరు, ఎవరో కోటు వేసుకున్నాయన, ఆ పక్కన చేతిలో కళ్లజోడుతో తన మొగుడు. ఆవిడ కళ్లు ఆయన మీద ఆగాయి. అది పరీక్ష నడిపే అమ్మాయి కంటపడింది.

"వాళ్లలో మీకు తెలిసినవాళ్లున్నారా అండీ?"

ఆవిడ హ్యాండ్‌బ్యాగు సర్దుకుంది.

"మా మేనేజరుగారండీ," అంది.

"ఆ పక్కాయన?"

"ఎవరో తెలీదండీ," అంది ఆవిడ.

ఆ సాయంత్రం కౌంటర్లో ఆవిడ కుర్చీలో ఇంకెవరో కూర్చున్నారు. ఆవిడ నీళ్ల సీసా, శాలువా, రోగుల పిల్లలకని ఉంచుకున్న రంగు పెన్సిళ్లు ఒక సంచిలో వేసి ఇచ్చారు. ఆవిడ ఆ సంచి తెచ్చి వంటింటి గట్టు మీద పెట్టి, ఆయన వచ్చేసరికి కూరగాయలు తరుగుతోంది.

సందర్భంగారు ఇంటికొచ్చాడు. సిగ్గుతో వచ్చాడనుకుంటున్నారా? మీకు ఆయన సంగతి ఇంకా అర్థం కాలేదన్నమాట. బూట్లు విప్పుతూనే అడిగాడు.

"నేనెవరో తెలీదన్నావేం? అందరి ముందూ?"

ఆవిడ కత్తి ఆపలేదు.

"తెలిసినవాళ్లు ఉంటే లేచి వెళ్లిపోవాలని ఆ అమ్మాయి ముందే చదివింది కదండీ. మీరు వెళ్లలేదు. నేను నిజం చెబితే మీ ఉద్యోగానికి మాటొస్తుంది. నాదెలాగూ పోయింది. ఇద్దరిదీ ఎందుకు పోవడం?"

ఆయన బూట్లు పక్కకి నెట్టి, "ఊఁ. మంచి పనే చేశావు," అని ఫోన్ తీసుకున్నాడు. ఆ తరవాత ఆవిడ ఆ విషయం ఎత్తలేదు. ఏ విషయమూ ఎత్తలేదు. కొళాయి తనే బాగుచేయించుకుంది, స్కూలుకి తనే వెళ్లి వచ్చింది.

పేజీ సంగతంటారా, దాన్ని సరిచేశారు. పరీక్ష నడిపిన అమ్మాయి, బటన్ లేదు అని గట్టిగా రాసిచ్చింది. సందర్భంగారు పొద్దున్నే వచ్చి 'మార్చు' తీసి 'సర్దు' అని పెట్టాడు. ఒక్క మాట. దాన్ని కూడా, వినియోగదారు ఇబ్బందిని గుర్తించి తక్షణం స్పందించారని మీటింగులో మెచ్చుకొని, విభాగానికి పెద్దని చేశారు. ఆవిణ్ణి కౌంటరుకి మళ్లీ పిలవాలన్న ఆలోచన ఎవరికీ రాలేదు. మేనేజరుకి ఎవరైనా చెప్పాలిగా. ఎవరు చెబుతారు?

కొత్త జట్టు చేరింది. సందర్భంగారు బోర్డు మీద పెద్ద అక్షరాలు రాసి, కింద గీత గీసి, భుజం పక్కన నిలబడ్డ మనిషి దాకా వచ్చాడు. ఈసారి ఆగి, అందర్నీ ఒకసారి చూశాడు.

"ఒక ఉదాహరణ చెబుతాను. ఒకాయన పెద్ద చిక్కులో పడ్డాడు. నోరు తెరిచి అడిగే వీల్లేదు. ఎదురుగా ఒకావిడ ఉంది. ఆయన ఎక్కడ ఆగిపోయాడో కనిపెట్టింది. అడక్కుండానే, ఆ చోటికి ఏది కావాలో అది, ఒకే ఒక్క మాట అంది. ఆయన గట్టెక్కాడు. ఆవిడ సంచి తీసుకొని పక్కకి తప్పుకుంది. అదండీ సందర్భోచిత సహాయమంటే!"

గదిలో చప్పట్లు మోగాయి. ఇంతకన్నా మంచి ఉదాహరణ ఆయనకి ఉద్యోగం మొత్తంలో దొరకలేదు, తడుముకోకుండా వాడేసుకున్నాడు. చివరి వరసలోంచి ఒకమ్మాయి చెయ్యెత్తింది.

"చాలా బాగుందండీ. మరి ఆవిడ చిక్కులో ఉన్నప్పుడు ఆయనేం చేశాడు?"

సందర్భంగారు బోర్డు వైపు తిరిగాడు.

"అది వేరే టాపిక్," అని డస్టరు తీసుకొని తుడవడం మొదలుపెట్టాడు.